తెర ముందుకొచ్చిన నక్క

బేతంచెర్ల స్టేషన్ ఎదురుగా శివలీల బొరుగుల ఉగ్గాని బండి ఉంది. లారీ డ్రైవర్లకు ఆ ఉగ్గాని రుచి ఎంత తెలుసో ఆమె గొంతూ అంతే తెలుసు. ప్లేటు చేతికొచ్చేదాకా మనిషి విసుక్కోకుండా ఏదో ఒకటి చెబుతూ ఉంటుంది. రావణాసురుడు ఉగ్గాని అడిగితే ఎట్లుంటుంది, సీతమ్మ మిరపకాయ బజ్జీ కొరికితే ఎట్లుంటుంది, ఇట్లాంటివి. మనిషి ఒక్కతే. గొంతులు మాత్రం ఒక ఊరికి సరిపోతాయి.

సుజన ఆమెను ఆ బండి దగ్గరే పట్టుకుంది. సుజన కర్నూలు కాలేజీలో పాఠాలు చెబుతుంది. పాత సినిమాలంటే పిచ్చి. సెలవు దొరికితే చాలు, సినిమా మిషను కారులో వేసుకుని ఊళ్లు తిరిగి, తెర కట్టి చూపిస్తుంది.

"పెద్దమ్మా, నా దగ్గర జపానోళ్ల సినిమా ఒకటి ఉంది. నూరేండ్ల నాటిది. మాటలుండవు. ఆ కాలంలో తెర పక్కన ఒక మనిషి నిలబడి అందరి గొంతులూ తానే పలికేవాడంట. బొమ్మ కంటే ఆ మనిషిని వినేదానికే జనం పోయేవాళ్లంట. అట్లాంటి మనిషి కోసం తిరుగుతున్నా."

శివలీల బజ్జీలు నూనెలోంచి తీస్తూనే ఉంది.

"ఇంగ తిరగొద్దులే," అంది. "దొరికింది గదా."

ఆ పొద్దే సుజన లాప్‌టాప్ పట్టుకుని ఇంటికి వచ్చింది. శివలీలది తోలుబొమ్మలాట ఆడిన ఇల్లు. ఇంట్లో మాట్లాడేది మరాఠీ, ఆటలో తెలుగు. నాయన గోపన్న ఉన్నన్నాళ్లు ఆలూరు నుంచి ఎర్రగుంట్ల దాకా తెర కట్టని ఊరు లేదు. వాన మొగం చాటేసిన ఏడు, వాన కోసం విరాటపర్వం ఆడించేదానికి పెద్దరైతులే బండి కట్టి పంపేవాళ్లు. తెర వెనక ఆడగొంతులన్నీ శివలీలవి. తమ్ముడు ఓబన్నది వంత. ముందు గొంతు ఏదైనా అడిగితే వంత గొంతు జవాబు చెప్పి తీరాలి. అడిగిన మాటకు జవాబు లేకుండా ఆట ముందుకు పోకూడదు. అది ఆ ఇంటి కట్టుబాటు. నోట్లో తమలపాకు ఉన్నా, కంట్లో నిద్ర ఉన్నా, వంత పలకాల్సిందే.

ఇప్పుడు ఎవరూ పిలవడం లేదు. బొమ్మల పెట్టె అటక మీదికి ఎక్కింది.

సినిమా మొదలైంది. నలుపు, తెలుపు. మనుషులు కాస్త గబగబా నడుస్తున్నారు. ఒక సేద్యగాడు పొలంలో ఉచ్చులో పడిన నక్కను విడిపించాడు. తర్వాత ఎండ కాస్తుండగానే వాన పడింది. ఆ వానలో ఒక పిల్ల వాని గుడిసెకు వచ్చింది.

శివలీల తొడ మీద చరుచుకుంది. "ఎండా వానా. నక్క పెండ్లి గదా ఇది."

"వాళ్లకూ అదే మాట పెద్దమ్మా. ఎండలో వాన పడితే నక్కల పెండ్లి అంటారు."

"మాకు కుక్కకూ నక్కకూ పెండ్లి. వాళ్లకు నక్కకూ నక్కకేనా? అయితే వాళ్ల నక్కలు కులం తప్పలేదన్నమాట."

సుజన నవ్వింది. లాప్‌టాప్‌లో సేద్యగాడు ఆ పిల్లను పెండ్లి చేసుకున్నాడు. బిడ్డ పుట్టింది. ఊరి కుక్క ఆమెను చూసినప్పుడల్లా మొరిగింది. చివరికి ఒక సాయంత్రం వాడు పొలం నుంచి వచ్చాడు. వాళ్ల తలుపులకు చెక్క బదులు కాగితం అంటిస్తారు. లోపల దీపం ఉంది. ఆ కాగితం మీద పెండ్లాం నీడ పడింది. నీడకు చెవులున్నాయి, మూతి ఉంది, తోక ఉంది. వాని చేతిలో గంప జారిపోయింది.

అంతటితో బొమ్మ తెల్లగా అయిపోయింది.

శివలీల లాప్‌టాప్‌కు ఇంకా దగ్గరగా జరిగింది. "తలుపు కాదమ్మా అది. మా తెర. వెనక దీపం, ముందర నీడ. మనిషి అబద్ధమాడినా నీడ ఆడదు. సరే, తర్వాత?"

"తర్వాత లేదు పెద్దమ్మా. చివరి రీలు పోయింది. కాలిపోయిందో ఏమో, ఎవరికీ దొరకలేదు. అప్పటి సినిమాలు శానా వరకు అట్లే పోయినాయి. ఈడికి ఆపి, ఇంతే మిగిలిందని నేను చెప్తా."

"ఆపేస్తావా?"

"ఏం చేస్తాం మరి?"

శివలీలకు అది మింగుడుపడలేదు. మంగళం పాడకుండా తెర దించితే ఆ ఊరికి మంచిది కాదని నాయన అనేవాడు. ఒకసారి గాలివానకు గుంజలు ఊగిపోతుంటే, ఓబన్న ఒక గుంజ, శివలీల ఒక గుంజ పట్టుకుని నిలబడ్డారు. నాయన తడుస్తూ మంగళం పాడాడు. ఆ తర్వాతే లేచాడు.

అప్పుడే ఓబన్న పాలిష్ ఫ్యాక్టరీ నుంచి వచ్చాడు. కనుబొమల మీద నాపరాళ్ల పొడి తెల్లగా పేరుకుంది. తొంగి చూశాడు.

"ఏందక్కా, నక్కను చూస్తాండావా? పొద్దున్నే నక్క మొగం చూస్తే కలిసొస్తాదంటారు."

"రోజూ పొద్దున్నే నీ మొగం చూస్తాండా గదా. ఏం కలిసొచ్చింది?"

"ఈ సోమవారం కలిసొస్తాదిలే." సుజన వైపు తిరిగాడు. "బెంగళూరు నుంచి మనిషి వస్తాండాడు మేడం. పెద్ద హోటలంట. మా బొమ్మలన్నీ గోడకు కొట్టి, వెనక లైట్లు పెడతారంట."

"గోడకు కొట్టేది మేకుతోనే గదా," అంది శివలీల. "సీతమ్మకు యాడ కొడతారంట మేకు?"

"ఎలకలు తినేదానికన్నా మేకే మేలు. నిరుడు హనుమంతుని తోక కొరుక్కతినె. నువ్వే చూస్తివి. ఆడేవాళ్లు ల్యారు. చూసేవాళ్లు ల్యారు. అటక మీద పెట్టుకొని ఏం చేస్తావు, పూజా?"

అతను అన్నదాంట్లో అబద్ధం లేదు. శివలీలకు ఒళ్లు మండింది అందుకే. పెట్టె మగబిడ్డకు పోతుంది. నాయన పోయిన రోజే తాళంచెవి ఓబన్న మొలతాడుకు ఎక్కింది. శివలీలకు గొంతు వచ్చింది. గొంతుకు తాళం లేదు కాబట్టి దాన్ని ఎవరూ పంచలేదు.

"చూసేవాళ్లు ఉంటే?" అంది.

"ఉంటే నేనెందుకిస్తా? నేనేమన్నా పరాయోన్నా?"

"అయితే విను. ఆదివారం ఈ నక్క కత నేను చెప్తాండా. పాటల్లేవు, డాన్సుల్లేవు. మంగళం పాడేదాకా జనం కదలకుండా కూచుంటే పెట్టె నాది. మధ్యలో లేసిపోతే, ఆ బెంగళూరాయనకు మేకులు నేనే కొనిస్తా."

ఓబన్న నోరంతా తెరిచి నవ్వాడు. "సెల్లులో ఒగ బొమ్మ మీద వేలు నిలవదు ఈ జనానికి. మాటల్లేని జపానోళ్లను చూస్తారా? సరేలే, ఒప్పుకుంటి. మేడమే సాక్షి."

"సాక్షి ఎందుకురా? నీ మొగమే చెప్తాది ఆ పొద్దు."

ఆదివారం పాలిష్ మిషన్లకు సెలవు. పాలిష్ షెడ్డు యజమాని రంగస్వామి బండలన్నీ ఒక పక్కకు పేర్పించి, కిటికీలకు టార్పాలిన్లు కట్టించాడు. పట్టపగలే లోపల చీకటైంది. గనుల్లో రాయి కొట్టేవాళ్లు, ఫ్యాక్టరీ వాళ్లు, వాళ్ల ఆడవాళ్లు, పిల్లలు, ఊరికే వచ్చేదానికి ఖర్చేముందని వచ్చి నేల మీద కూర్చున్నారు. ఓబన్న వాకిలి దగ్గర గోడకు ఆనుకుని నిలబడ్డాడు. మొదట లేచేవాణ్ని అక్కడి నుంచి బాగా చూడొచ్చు.

సుజన తెర పక్కన మైకు పెట్టింది. "జపానులో ఆ మనిషి ఈడ నిలబడేవాడు పెద్దమ్మా. అందరికీ కనపడేటట్టు."

"నేను నిలబడను. మా గొంతు తెర ఎనక నుంచే వస్తాది. మొగం చూస్తే జనం మొగాన్నే చూస్తారు, కత వినరు."

"ఎనక నుంచి బొమ్మ కనిపిస్తుంది గానీ, కుడి ఎడమవుతుంది. నువ్వు లాప్‌టాప్‌లో ముందర నుంచి చూసి నేర్చుకున్నావు."

"తెర ఎనకే పుట్టినదాన్ని. నాకు కుడెడమలు చెప్తాండావా సుజనమ్మా?"

మైకు తీసుకుని వెనక్కి పోయింది. కాళ్ల కింద ఒక చెక్కపలక వేసుకుంది. ఆటలో అడుగుల చప్పుడుకు, ఉరుముకు దాన్నే తొక్కుతారు. పక్కన లాజరు డోలక్ పెట్టుకుని కూర్చున్నాడు. పగలు గనిలో రాయి కొడతాడు, పండగలకు చర్చిలో డోలక్ కొడతాడు.

"నేను కొట్టేది క్రిస్మస్ దెబ్బలక్కా. నక్కకు ఎట్ల కొట్టాల?"

"అవే కొట్టు. నేను పలక తొక్కితే ఆపు. ఆపేదే శానా ముఖ్యం."

బాగా మొదలైంది. ఉచ్చులో నక్క కుయ్యోమంటే పిల్లలు కిలకిలలాడారు. సేద్యగానికి శివలీల రంగస్వామి గొంతు పెట్టింది. ముక్కులోంచి వచ్చే ఆ గొంతు విని షెడ్డంతా ఒక్కసారి నవ్వింది. రంగస్వామి కూడా తల గోక్కుంటూ నవ్వాడు. తెర వెనక శివలీలకు ఆ నవ్వు చాలు. జనం గుప్పిట్లో ఉన్నారని ఒళ్లు చెబుతుంది.

ఎండలో వాన మొదలైంది. పిల్ల గుడిసెకు వచ్చింది.

తప్పు అక్కడ జరిగింది. వాళ్ల ఆటలో తెర వెనక ఆడించేవాళ్లకు మంచివాళ్లు కుడి నుంచి వస్తారు. రాక్షసులు ఎడమ నుంచి వస్తారు. ఏ ఊళ్లో ఆడినా అంతే. లాప్‌టాప్‌లో ఆ పిల్ల కుడి నుంచే వచ్చింది. తెర వెనక నుంచి చూస్తే ఎడమ నుంచి వచ్చింది. ఎడమ నుంచి ఆడది వస్తే ఏ గొంతు పలకాలో శివలీల గొంతుకు నలభై ఏండ్లుగా అలవాటు. ఆమె ఆలోచించేలోపే అది పలికేసింది. బొంగురుగా, కింది నుంచి, శూర్పణఖ గొంతు.

"ఏమప్పా... వానలో తడిసినా. లోపలికి రానిస్తావా?"

మల్లెమొగ్గ లాంటి మొగం. రాతి మీద రాయి ఈడ్చినట్టు గొంతు. షెడ్డు బిగుసుకుపోయింది. లాజరు పెండ్లాం స్తుతి ఒళ్లో పిల్ల బెదిరి ఏడుపందుకుంది. స్తుతి లేచింది. ఆమెను చూసి పక్కన ఇంకో ఇద్దరు లేచారు. వాకిలి దగ్గర ఓబన్న చేతులు కట్టుకున్నాడు.

నీడ పడేదాకా దాచాల్సిన సంగతిని శివలీల తన నోటితోనే బయట పెట్టింది. తెర మీద సేద్యగాని పెదవులు కదులుతున్నాయి. వాడు నోరు మూసేలోపు ఏదో ఒకటి పలకాలి. అయ్యో అనుకునేదానికి కూడా సందు లేదు. ఆమె అనుకోలేదు కూడా. నాయన చెప్పేవాడు: తెర మీద తప్పు పడితే దాన్ని పట్టుకునే నడువు, వదిలితే అది నిన్ను పట్టుకుంటాది.

రంగస్వామి గొంతుతో అంది: "ఏమ్మే, మనిషి చూస్తే ఇంతుండావు. గొంతేంది అట్లుండాది?"

తర్వాత తేనె లాంటి గొంతుతో: "జలుబప్పా. వానలో తడిసినా గదా."

ఒక క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత ఒక మూల నుంచి ఎవరో గురకలాగా నవ్వారు. అది అంటుకుని షెడ్డంతా పాకింది. "నక్కే అది. ఉచ్చులో పడిన నక్కే," అన్నారు ఎవరో. "కూచ్చో స్తుతీ, తెర కనపడల్యా." స్తుతి కూర్చుంది. పిల్ల కూడా ఏడుపు మరిచి తెర వైపు చూసింది.

అక్కడి నుంచి శివలీల ఆ తప్పునే దారి చేసుకుంది. మొగుడు దగ్గరుంటే నక్కకు తేనె గొంతు. వాడు పొలం పోతే బొంగురు గొంతు. బిడ్డకు జోల పాడేది బొంగురుగానే. మొగుని అడుగుల చప్పుడు పలక మీద వినిపించగానే జోల మధ్యలో గొంతు మారిపోతుంది. సంగతి జనానికి తెలుసు, మొగునికి తెలియదు. నక్కకు భయపడాల్సినవాళ్లు ఇప్పుడు నక్క కోసం భయపడుతున్నారు.

కుక్క మొరిగినప్పుడు శివలీల పలక తొక్కింది. డోలక్ ఆగింది.

"ఎవరన్నా కొట్టండ్రా ఆ కుక్కను," అన్నాడు ముందు వరసలో ఒక ముసలాయన.

"నూరేండ్ల కింద చచ్చింటాది తాతా ఆ కుక్క," అన్నాడు ఎవడో.

"అయినా కొట్టాల్సిందే."

కాగితం తలుపు వచ్చింది. నీడ పడింది. గంప జారింది. తెర తెల్లబోయింది.

సుజన ఇంకో మైకు తీసుకుని లేచింది. "ఈ సినిమా ఇంతవరకే మిగిలింది. చివరి రీలు..."

జనం కదిలారు. చెప్పుల కోసం కాళ్లు నేల మీద తడుముకునే చప్పుడు తెర వెనక్కి వినిపించింది. ఆ చప్పుడు శివలీలకు బాగా తెలుసు. నాయన చివరి ఆటల్లో మంగళానికి ముందే ఆ చప్పుడు వచ్చేది. అది ఇంకాస్త పెరిగితే పెట్టె బెంగళూరు దారి పడుతుంది.

ఉత్త తెర మీద గొంతు నిలవదు. బొమ్మ కావాలి. బొమ్మలన్నీ తాళం వెనక ఉన్నాయి.

శివలీల లేచి తెర అంచు ఎత్తి ముందుకు వచ్చింది. ఇన్నేండ్లలో ఆట నడుస్తుండగా ఆమె తెర ముందుకు రావడం అదే మొదలు. మిషను వెలుతురు కళ్లలో కొట్టింది. జనం ఎవరూ కనిపించలేదు. మంచిదే అనుకుంది. పక్కకు తిరిగి నిలబడింది. కొంగు నెత్తి మీదికి లాక్కుని రెండు వేళ్లతో రెండు చెవులు నిలబెట్టింది. ఇంకో చెయ్యి మొగం ముందు మూతిలాగా ముడిచింది. వెనక తెర మీద నీడ పడింది. కాగితం తలుపు మీద పడిన నీడే అది. సినిమా ఎక్కడ తెగిందో అక్కడే మళ్లీ అతుక్కుంది.

చెప్పుల చప్పుడు ఆగింది. సుజన మైకు కిందికి దించింది.

"ఉగ్గానక్క గదా అది," అన్నాడు ఒక డ్రైవరు.

"నోరు ముయ్యి. నక్క."

బొంగురు గొంతు లేచింది. మైకు వెనకే ఉండిపోయింది. అయినా షెడ్డు మూలల దాకా వినిపించింది.

"మగడా, చూస్తివి గదా. నేను దాస్తి, నీడ దాయలేకపాయ. నీ ఇంట్లో దీపం పెడితి. నీ బిడ్డకు పాలిస్తి. నా పుట్టుక నాది, నీ అన్నం నీది అని ఒగనాడూ అనుకోలేదు. ఇప్పుడు అడుగుతాండా. నన్ను ఇంట్లో పెట్టుకుంటావా, ఎల్లగొడతావా?"

జవాబు చెప్పేదానికి రంగస్వామి గొంతు ఆమె నాలుక చివరే ఉంది. చెప్పలేదు. వాకిలి ఎటువైపు ఉందో తెలుసు. నీడను ఆ వైపు తిప్పి ఊరికే నిలబడింది.

అడిగిన మాట షెడ్డు మధ్యలో వేలాడింది.

"ఎవరన్నా చెప్పండప్పా," అన్నాడు తెర వెనక నుంచి లాజరు.

వాకిలి దగ్గర ఓబన్న కట్టుకున్న చేతులు విప్పుకున్నాడు. ఒక కాలి మీద నుంచి ఇంకో కాలి మీదికి మారాడు. జవాబు చెప్పని మాట ఆ ఇంట్లో పుట్టినవాడికి గొంతులో ముల్లులాంటిది. మింగలేడు. పైగా అది ఏ ఇంటి సంగతో, దేన్ని ఎల్లగొట్టే సంగతో అతనికి తెలుసు. చివరికి వంత దానంతట అదే వచ్చింది. అచ్చం గోపన్న గొంతు.

"ఏమే. నక్క తోక తొక్కినోనికి అదృష్టమంటారు. తోకతో పాటు నక్కే ఇంటికొచ్చింటే, ఎల్లగొట్టేదానికి నాకేమన్నా పిచ్చా? లోపలికి రా. అన్నం చల్లారిపోతాది."

షెడ్డు పైకప్పు రేకులు అదిరేటట్టు నవ్వారు. ముందు వరస ముసలాయన కళ్లు తుడుచుకున్నాడు. ఆ నవ్వు అణగకముందే శివలీల మంగళం ఎత్తుకుంది. రెండో చరణానికి ఓబన్న గొంతు కలిసింది. పాడుతూనే జనం మధ్యలోంచి దారి చేసుకుని వచ్చి అక్క పక్కన నిలబడ్డాడు. తెర మీద ఇప్పుడు రెండు నీడలు. లాజరు క్రిస్మస్ దెబ్బలే కొట్టాడు. సరిగ్గా కుదిరాయి.

జనం పోయాక సుజన వైర్లు చుట్టుకుంటూ అంది: "జపాన్ కతల్లో ఆ నక్క ఉండదు పెద్దమ్మా. బిడ్డను వదిలి అడవికి వెళ్లిపోతుంది."

"అది వాళ్ల నక్క. ఇది బేతంచెర్ల నక్క. యాడికి పోతాది?"

ఓబన్న తెర మడత పెడుతూ గొణిగాడు. "మంగళానికి ముందు శానామంది లేసినారు అక్కా. నేను చూసినా."

"చూసేదానికి లేసినారు. పోయేదానికి కాదు. నువ్వు కూడా గోడ వదిలిపెట్టి వస్తివి గదా."

ఓబన్న తెర పక్కన పెట్టాడు. అంగీ ఎత్తి మొలతాడు ముడి విప్పడానికి చూశాడు. ముడి బిగుసుకుపోయింది. పంటితో లాగి విప్పి, తాళంచెవి ఆమె అరచేతిలో పెట్టాడు. ఒంటి వేడి ఇంకా దాని మీదే ఉంది.

"రేపు ఆ బెంగళూరాయన వస్తే ఏం చెప్పాల?"

"వాడుకుంటాండామని చెప్పు," అంది శివలీల తాళంచెవి కొంగున కట్టుకుంటూ. "ఉగ్గాని పెట్టి పంపిద్దాం. నువ్వు మాత్రం రేపే పోయి మంచి మేకతోలు చూడు. ముందు హనుమంతుని తోక కుట్టాల."